మా పేరు చెప్పి చంపకండి: పాఠకుల ప్రశ్నలు, జవాబులు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం ఒకే విషయం మీద ఉన్నాయి. రాజకీయం పేరుతో, సిద్ధాంతం పేరుతో మనుషుల్ని చంపేవాళ్ళని చట్టాన్ని నమ్ముకుని బతికే మామూలు జనం ఎలా ఎదుర్కోవాలి అని. కోపంగా రాసినవాళ్ళున్నారు, భయపడుతూ రాసినవాళ్ళున్నారు, కడుపులో బాధతో రాసిన ఒక తల్లి ఉన్నారు. అందుకే ఈ నెల శీర్షిక మొత్తం దీనికే.

ప్రశ్న: బాంబు పెట్టేవాడికి శాంతి గురించి చెప్తే తలకెక్కుతుందా? వాళ్ళ పద్ధతిలోనే బుద్ధి చెప్పాలి. చట్టం, కోర్టు అంటూ కూర్చుంటే మనవాళ్ళే పోతారు. మీలాంటివాళ్ళు సుద్దులు చెప్పడం తప్ప ఏం చేస్తారు? (ఒక రిటైర్డ్ ఉద్యోగి)

మీ కోపం అర్థమవుతుంది సార్. చంపేవాడికి శాంతి పాఠాలు చెప్పమని నేనూ అనను. వాణ్ణి పట్టుకోవాలి, ఆయుధాలు లాక్కోవాలి, జైల్లో పెట్టాలి, ప్రాణాలు కాపాడ్డానికి వేరే దారి లేకపోతే పోలీసు తుపాకీ పేల్చాల్సిందే. కాని "వాళ్ళ పద్ధతిలోనే" అన్నారు చూడండి, అక్కడే నాకు పేచీ. అది చేసి చూసిన దేశాలున్నాయి, ఏమైందో రికార్డుల్లో ఉంది.

స్పెయిన్‌లో బాస్క్ ప్రాంతానికి స్వాతంత్ర్యం కావాలంటూ ఈటీఏ అనే సంస్థ కొన్ని దశాబ్దాల్లో 800 మందికి పైగా చంపింది. 1983 నుంచి 1987 దాకా ప్రభుత్వంలో ఉన్నవాళ్ళే కొందరు దొంగచాటుగా గాల్ అనే పేరుతో కిరాయి హంతకుల్ని నడిపించారు. ఆ ముఠా 27 మందిని చంపింది. వాళ్ళలో ఈటీఏతో ఏ సంబంధమూ లేనివాళ్ళు కూడా ఉన్నారు. మొదట్లోనే ఒక ఫర్నిచర్ కంపెనీ ఉద్యోగిని ఇంకెవరో అనుకుని ఎత్తుకెళ్ళి పది రోజులు బంధించారు. ఆ కిడ్నాప్ కేసులోనే 1998లో మాజీ హోం మంత్రి హోసే బారియోనువోకి జైలు శిక్ష పడింది. పోనీ ఇంతా చేస్తే ఈటీఏ దడుచుకుందా అంటే, లేదు. "చూశారా, వీళ్ళూ హంతకులే" అని కొత్త కుర్రాళ్ళకి చెప్పుకోడానికి దానికి ఒక నిజమైన కథ దొరికింది. ఆ సంస్థ ఇంకో ఇరవై ఏళ్ళకు పైగా చంపుతూనే ఉంది.

బ్రిటన్ పాలనలో ఉన్న ఉత్తర ఐర్లండ్ సంగతీ అంతే. 1971 ఆగస్టు 9న విచారణ లేకుండా జనాన్ని నిర్బంధించడం మొదలుపెట్టారు, మొదటి రోజే 340 మందికి పైగా. పోలీసుల జాబితాలు పాతవి, దాంతో తుపాకీ పట్టినవాళ్ళలో చాలామంది ముందే జారుకున్నారు, సంబంధం లేనివాళ్ళు దొరికారు. ఆ నిర్బంధం వద్దంటూ 1972 జనవరి 30న డెర్రీలో ఊరేగింపు తీసిన జనం మీద బ్రిటిష్ సైనికులు కాల్పులు జరిపారు, ఆ రోజే 13 మంది పోయారు. ఆ తర్వాత, బ్రిటన్ పాలన పోయి ఐర్లండ్‌లో కలవాలంటూ తుపాకీ పట్టిన ఐఆర్ఏ అనే సంస్థలో చేరడానికి కుర్రాళ్ళు వరస కట్టారు. ముప్పై ఏళ్ళ ఆ గొడవల్లో అందరికంటే ఎక్కువమంది చనిపోయిన సంవత్సరం 1972. ఆ కాల్పులకి ఏ సమర్థనా లేదని బ్రిటన్ ప్రధాని పార్లమెంటులో ఒప్పుకుని క్షమాపణ చెప్పేసరికి 2010 వచ్చింది.

తీవ్రవాది దగ్గర పెద్ద సైన్యం ఉండదు, జనబలమూ ఉండదు. వాడి దెబ్బకి మనం ఎంత నష్టపోతామన్నది ఒక ఎత్తు, ఆ కోపంలో మనం ఎవరిని కొడతామన్నది ఇంకో ఎత్తు. వాడు కాచుకుని కూర్చునేది ఆ రెండోదాని కోసం. కాబట్టి చట్టం చేతగానివాళ్ళ మాట కాదు సార్, వాడికి కావలసింది వాడికి దొరక్కుండా చేసేది అదే.

ప్రశ్న: పోలీసులు, ప్రభుత్వం సంగతి సరే. నాలాంటి మామూలు మనిషి ఏం చేయగలదు? నోరు విప్పితే రేపు మా ఇంటి మీదికే వస్తారు కదా. (ఒక గృహిణి)

మీ భయం ఉత్తుత్తి భయం కాదమ్మా. ఒక్కరే నోరు విప్పితే నిజంగానే ప్రమాదం. అందుకే ఒక్కరితో ఆగిపోకూడదు.

మళ్ళీ ఆ బాస్క్ ప్రాంతానికే వెళ్దాం. 1980ల మధ్యలో అక్కడ కొందరు మామూలు జనం ఒక పద్ధతి మొదలుపెట్టారు. రాజకీయ హింసలో ఎవరు చనిపోయినా సరే, మర్నాడు ఊరి కూడలిలో ఒక బ్యానర్ పట్టుకుని పదిహేను నిమిషాలు మౌనంగా నిలబడడం. నినాదాల్లేవు, ఉపన్యాసాల్లేవు. ఈటీఏ పోలీసుని చంపితే నిలబడ్డారు. ఈటీఏ మనిషి చనిపోయినా నిలబడ్డారు. కొన్ని ఊళ్ళలో పది మందే వచ్చేవాళ్ళు. 1990లలో ఎదురుగా ఈటీఏ మద్దతుదారులు గుంపుగా నిలబడి వాళ్ళని తిట్టేవాళ్ళు. ఆ తిట్టేవాళ్ళు ఎవరో కాదు, పక్కింటివాళ్ళు, పిల్లలతో బడిలో చదువుకున్నవాళ్ళు. మొహం దాచుకోకుండా వాళ్ళ ముందు పదిహేను నిమిషాలు నిలబడడం ఎంత కష్టమో ఊహించుకోండి.

ఏళ్ళ తరబడి ఆ కొద్దిమంది నిలబడ్డారు కాబట్టే 1997 జూలైలో జనమంతా కదిలారు. ఎర్మువా అనే చిన్న పట్టణంలో మిగెల్ ఏంజెల్ బ్లాంకో అనే 29 ఏళ్ళ కౌన్సిలర్‌ని జూలై 10న ఈటీఏ ఎత్తుకెళ్ళింది. జైళ్ళలో ఉన్న తమవాళ్ళని 48 గంటల్లో బాస్క్ ప్రాంతానికి తరలించకపోతే చంపేస్తామంది. గడువు ముగియగానే చేతులు కట్టేసి తల వెనక కాల్చారు, మర్నాడు తెల్లవారుజామున ప్రాణం పోయింది. దేశమంతా లక్షలకు లక్షల మంది రోడ్ల మీదికొచ్చారు. ఇక్కడ నాకు బాగా గుర్తుండిపోయినవి మూడు. ఒకటి, జనం రోడ్డు మీద మోకాళ్ళ మీద కూర్చుని, చేతులు మెడ వెనక పెట్టుకుని, "ఇదిగో మా మెడ, కాల్చండి" అని అరిచారు. రెండోది, అప్పటిదాకా ఈటీఏ గుర్తుపట్టి చంపుతుందన్న భయంతో ముసుగులు వేసుకుని డ్యూటీ చేసే బాస్క్ పోలీసులు కొందరు ఆ జనం ముందు ముసుగులు తీసేశారు. మూడోది ఇంకా పెద్ద విషయం. ఎర్మువాలో కోపంతో ఊగిపోతున్న కొందరు ఈటీఏకి దగ్గరైన పార్టీ ఆఫీసుకి నిప్పంటిస్తే, ఆ ఊరి మేయర్ కార్లోస్ తోతోరికా తనే మంటలార్పే సిలిండర్ పట్టుకెళ్ళి ఆర్పాడు. తన ఊరి కౌన్సిలర్ని చంపినవాళ్ళని సమర్థించే పార్టీ ఆఫీసు అది! జనం కోపాన్ని జనం వైపే ఉంచి, నేరంగా మారకుండా ఆపాడు.

ఇటలీలో ఇంకొక మనిషి ఉన్నాడు, గ్విదో రోస్సా. జెనోవా నగరంలో ఉక్కు కార్మికుడు, యూనియన్ నాయకుడు, కమ్యూనిస్టు. కార్మికుల కోసమే చంపుతున్నామని చెప్పుకునే రెడ్ బ్రిగేడ్స్ కరపత్రాలు ఫ్యాక్టరీలో ఒక తోటి ఉద్యోగి రహస్యంగా పెడుతుంటే 1978లో పట్టించాడు. వాంగ్మూలం మీద సంతకం దగ్గరికొచ్చేసరికి మిగతావాళ్ళు వెనక్కి తగ్గారు, ఆయన ఒక్కడే సాక్ష్యం చెప్పాడు. 1979 జనవరి 24న ఇంటి బయట కారులో ఉండగా కాల్చి చంపారు. అంత్యక్రియలకి రెండు లక్షలకు పైగా జనం వచ్చారని అంచనా, దేశాధ్యక్షుడు సాండ్రో పెర్తీని కూడా వచ్చారు. అప్పటిదాకా "వాళ్ళూ మనవాళ్ళేలే, దారి తప్పారంతే" అని చూసీచూడనట్టు ఊరుకున్న ఫ్యాక్టరీల్లో ఆ రోజు నుంచి వాళ్ళకి చోటు పోయింది. మిగతావాళ్ళు కూడా ముందే సంతకం పెట్టి ఉంటే ఆయన బతికేవాడేమో, ఆ ఆలోచన వచ్చినప్పుడల్లా నాకు బాధేస్తుంది.

నేను చెప్పదల్చుకున్నది ఇదేనమ్మా. చచ్చినవాడి తరఫు జనం ఏడవడం, తిట్టడం మామూలే, దాన్ని చంపేవాళ్ళు లెక్కే చేయరు. ఎవరి కోసం చంపుతున్నామని వాళ్ళు చెప్పుకుంటారో ఆ జనం, ఆ కార్మికులు, ఆ మతంవాళ్ళు, ఆ భాషవాళ్ళు, ఆ పార్టీవాళ్ళు, "మా పేరు చెప్పి చంపకండి" అన్నప్పుడే వాళ్ళ కాళ్ళ కింద నేల కదులుతుంది. కాబట్టి ప్రపంచాన్ని మార్చాలని పెట్టుకోకండి. మీ ఇంట్లో, మీ కుటుంబ వాట్సాప్ గ్రూపులో, మీవాళ్ళే ఎవరైనా "భలే పని చేశారు" అని రాసినప్పుడు, ఇది హత్య, నేను ఒప్పుకోను అని ఒక్క లైను రాయండి. ముందు ఇద్దరితో మాట్లాడుకుని ముగ్గురూ రాయండి.

ప్రశ్న: పదుల మందిని చంపి, చంపానని ఒప్పుకున్నవాడికి కూడా లాయరు, కోర్టు, విచారణ ఎందుకు? బాధితులకి అది అవమానం కాదా? (ఒక ఇంజనీరు)

2011 జూలై 22న నార్వేలో ఒక తీవ్ర జాతీయవాది ఓస్లోలో ప్రభుత్వ కార్యాలయాల దగ్గర కారు బాంబు పేల్చి 8 మందిని, తర్వాత ఉటోయా దీవిలో లేబర్ పార్టీ యువజన శిబిరంలో 69 మందిని చంపాడు. ఆ దీవిలో పోయినవాళ్ళలో చాలామందికి ఇరవై ఏళ్ళు కూడా నిండలేదు. చంపింది తనే అని వాడే గర్వంగా చెప్పుకున్నాడు. అయినా విచారణ పది వారాల పాటు జరిగింది.

ఆ విచారణలో ఒక సంఘటన చూడండి. నార్వేలో వృత్తి జడ్జీలతో పాటు మామూలు పౌరులు కూడా జడ్జీలుగా కూర్చుంటారు. వాళ్ళలో ఒకాయన దాడి జరిగిన మర్నాడు ఇంటర్నెట్‌లో, వీడికి మరణశిక్షే న్యాయం అని రాశాడని బయటపడింది. విచారణ రెండో రోజే ఆయన్ని తప్పించేశారు. దేశంలో సగం మందికి ఆ రోజు అదే అనిపించి ఉంటుంది, కాని అలా ముందే తీర్పు రాసేసిన మనిషి ఆ కుర్చీలో కూర్చోడానికి వీల్లేదన్నారు.

ఇక బాధితులకి అవమానం అంటారా. చనిపోయిన 77 మందిలో ఒక్కొక్కరి పోస్ట్‌మార్టం వివరాలు కోర్టులో చదివారు, ఒక్కొక్కరి తర్వాత ఆ మనిషి ఫోటో తెర మీద చూపించి, వాళ్ళెవరో, ఏం ఇష్టపడేవాళ్ళో కొన్ని మాటలు చదివారు. చంపినవాడు అక్కడే కూర్చుని వినాల్సి వచ్చింది. కాల్చి పారేసి ఉంటే ఇది ఉండేదా? వాడు అమరవీరుడిగా ఒక ఫోటో అయ్యేవాడు, చనిపోయిన పిల్లలు ఒక అంకె అయ్యేవాళ్ళు. వాడికి పిచ్చి అని వదిలేయకుండా, తెలిసే చేశాడని కోర్టు తేల్చడం కూడా ముఖ్యం. 21 ఏళ్ళ నిర్బంధం వేశారు, ఇంకా ప్రమాదకారే అనుకుంటే దాన్ని పొడిగించవచ్చు. 2022లో విడుదల చేయమని అడిగితే కుదరదన్నారు.

విచారణ నడుస్తుండగా వాడు ఒక పిల్లల పాట పేరెత్తి, ఇలాంటివే మా పిల్లల బుర్రలు పాడుచేస్తున్నాయన్నాడు. 2012 ఏప్రిల్ 26న సుమారు 40,000 మంది వానలో ఓస్లో కూడలిలో చేరి అదే పాట పాడి, కోర్టు దాకా నడిచి గులాబీలు పెట్టి వచ్చారు.

ఇందులో ఇంకో వైపు కూడా చెప్పాలి, ఎందుకంటే శాంతి అనగానే కొందరు నిర్లక్ష్యాన్ని దాంట్లో కలిపేస్తారు. అప్పటి ప్రధాని స్టోల్టెన్‌బర్గ్ ఇంకా ఎక్కువ ప్రజాస్వామ్యంతో జవాబిస్తామన్నారు, కాని అమాయకంగా ఉండబోమని కూడా అదే నోటితో అన్నారు. మరుసటి ఏడాది స్వతంత్ర కమిషన్ ప్రభుత్వాన్ని, పోలీసుల్ని గట్టిగా తప్పుపట్టింది. ఆ కార్యాలయాల ముందు రోడ్డు మూసేయాలని ఏళ్ళ కిందటే నిర్ణయించి పూర్తి చేయలేదు. బాంబు పేలిన కాసేపటికే దారిన పోయే ఒకాయన అనుమానంగా కనిపించిన మనిషి కారు నంబరు ఫోన్ చేసి చెప్తే, అది రాసుకున్న పసుపు కాగితం ఇరవై నిమిషాల దాకా టేబుల్ మీదే పడి ఉంది. ఆ లోపు వాడు ఉటోయా దారి పట్టాడు. శాంతికాముక సమాజం అంటే తలుపులు బార్లా తెరిచి పడుకునే సమాజం కాదు. నేరస్తుణ్ణి కోర్టులో నిలబెట్టినట్టే, తన తప్పుల్ని కూడా తనే బహిరంగంగా విచారించుకునే సమాజం.

ప్రశ్న: ఇలాంటి దాడులప్పుడు వీడియోలు జనానికి చూపిస్తేనే కదా అసలు విషయం తెలిసేది? (పేరు రాయలేదు)

చూపించకండి. 2019 మార్చి 15న న్యూజిలాండ్‌లోని క్రైస్ట్‌చర్చ్‌లో రెండు మసీదుల్లో 51 మందిని చంపినవాడు ఆ దృశ్యాన్ని ఇంటర్నెట్‌లో లైవ్ పెట్టాడు. మొదటి 24 గంటల్లోనే తాము 15 లక్షల కాపీలు తీసేశామని ఫేస్‌బుక్ చెప్పింది. అన్ని లక్షల మంది దుర్మార్గులై ఉండరు, "అయ్యో చూడండి" అని పంపినవాళ్ళూ ఉండే ఉంటారు. అప్పటి ప్రధాని జసిండా ఆర్డెర్న్ హంతకుడి పేరు తన నోట రాదని పార్లమెంటులో చెప్పారు. ఏప్రిల్ 10కల్లా సైనిక తరహా తుపాకుల్ని నిషేధించే చట్టం 119–1 తేడాతో నెగ్గింది. విషయం తెలియాలంటే ఈ చట్టం గురించి పంపండి, చనిపోయినవాళ్ళ గురించి పంపండి.

ప్రశ్న: మీరంతా మావాళ్ళ హింస గురించే మాట్లాడతారు, అవతలివాళ్ళది కనిపించదు. మావాళ్ళు చేసేది ఆత్మరక్షణ. (ఒక పార్టీ కార్యకర్త)

మీ పార్టీ ఏదో రాయలేదు, రాయకపోవడమే మంచిదైంది. ఇవే మాటలు నాకు అన్ని పార్టీలవాళ్ళూ రాస్తారు.

1920ల జర్మనీ చూడండి. ఎమిల్ గుంబెల్ అనే లెక్కల అధ్యాపకుడు రాజకీయ హత్యల్ని ఒక్కొక్కటిగా కేసు వివరాలతో సహా పోగుచేశాడు. 1919 నుంచి 1922 దాకా తీవ్ర జాతీయవాదులు చేసిన హత్యలు 354, వామపక్షం వైపు నుంచి జరిగినవి 22. ఆ 354లో 326కి శిక్షే పడలేదు, అటు 22లో మాత్రం ఎక్కువ వాటికి పడింది, కొన్నిటికి మరణశిక్షే పడింది. జడ్జీలకి మొదటివాళ్ళు దేశభక్తులు, కాస్త ఆవేశపడ్డ కుర్రాళ్ళు, అంతే. 1922 జూన్‌లో విదేశాంగ మంత్రి వాల్టర్ రాతెనౌని నడిరోడ్డు మీద చంపారు. 1923లో సాయుధ తిరుగుబాటు చేసిన హిట్లర్‌కి ఐదేళ్ళు వేసి, 1924 డిసెంబరులోనే వదిలేశారు. "మనవాళ్ళేలే" అన్న ఆ జాలి ఎక్కడికి దారితీసిందో మీకు చెప్పక్కర్లేదు.

అదే దేశంలో మొన్నమొన్న జరిగింది కూడా వినండి. 2000 నుంచి 2007 మధ్య ఒక నియో నాజీ ముఠా పది మందిని చంపింది, తొమ్మిది మంది వలస కుటుంబాలవాళ్ళు, ఒకరు పోలీసు అధికారిణి. పోలీసులు ఏళ్ళ తరబడి చనిపోయినవాళ్ళ కుటుంబాలనే అనుమానించారు, మాదకద్రవ్యాలా, మాఫియా గొడవలా అని భార్యల్ని, పిల్లల్ని గుచ్చిగుచ్చి అడిగారు. 2006లో ఆ కుటుంబాలవాళ్ళే కాసెల్ నగరంలో ఊరేగింపు తీసి, ఇంకో బలి జరగనివ్వకండని వేడుకున్నారు. ఎవరూ వినలేదు. అసలు హంతకులెవరో 2011లో గాని బయటపడలేదు. చచ్చినవాడు మనవాడు కాకపోతే మన కళ్ళు ఎంత బాగా మూసుకుపోతాయో చెప్పడానికి నాకు ఇంతకంటే ఉదాహరణ దొరకదు. మీవాళ్ళ హింస గురించి మీరే మాట్లాడాలి, నేను మాట్లాడితే మీవాళ్ళు వినరు.

ప్రశ్న: రక్తం చిందకుండా ఏ మార్పూ రాలేదని మా సీనియర్లు అంటారు. అహింస అంటే ఉన్నవాళ్ళకి అనుకూలంగా ఉండే మాట కాదా? (డిగ్రీ విద్యార్థి)

తమ్ముడూ, కడుపు మండి అడిగావు, సంతోషం. అన్యాయం చూసి ఊరుకోమని చెప్తే నన్ను నమ్మకు. కాని మీ సీనియర్లు చెప్పింది లెక్కలకి నిలవదు. ఎరికా చెనోవెత్, మరియా స్టీఫన్ అనే ఇద్దరు పరిశోధకులు 1900 నుంచి 2006 దాకా ప్రభుత్వాల్ని దించడానికో, పరాయి పాలన వదిలించుకోడానికో జరిగిన 323 పెద్ద ఉద్యమాల్ని పరిశీలించారు. ఆయుధం పట్టనివాటిలో 53 శాతం గెలిచాయి, పట్టినవాటిలో 26 శాతం. కారణం కూడా తేలికే. తుపాకీ ఉద్యమంలోకి కొన్ని వందలమంది కుర్రాళ్ళు వెళ్ళగలరు. సమ్మెలోకి ముసలాళ్ళు, తల్లులు, గుమస్తాలు, చివరికి కాల్చమని ఆర్డరు అందుకున్న సిపాయి చెల్లెలు కూడా వస్తుంది. అప్పుడు ఆ సిపాయి చెయ్యి ఆడదు.

తన వైపు హింసని ఆపడం ఎంత కష్టమో తెలియాలంటే 1922 ఫిబ్రవరి చదువు. చౌరీచౌరాలో జనం పోలీస్ స్టేషన్‌కి నిప్పు పెట్టారు, ఇరవై మందికి పైగా పోలీసులు చనిపోయారు. ఆ జనం మీద ముందు కాల్పులు జరిగాయన్నది నిజమే. అయినా గాంధీ ఉద్యమం మొత్తాన్ని ఆపేశారు. జైల్లో ఉన్న మోతీలాల్, జవహర్‌లాల్ కూడా మండిపడ్డారు. ఆ నిర్ణయం సరైందా కాదా అని ఇప్పటికీ వాదించుకుంటారు, నువ్వూ వాదించు. నేను మాత్రం సరైందనే అంటాను. మా పేరు చెప్పి చంపితే మేం ఒప్పుకోం అని గెలుపు దగ్గర్లో ఉందనుకున్నప్పుడు చెప్పిన నాయకుడు చరిత్రలో అరుదు.

ప్రశ్న: ద్వేషం రెచ్చగొట్టే పార్టీల్ని, సంఘాల్ని మొత్తంగా నిషేధిస్తే పోలేదా? (ఒక లెక్చరర్)

కొన్నిసార్లు నిషేధించాల్సిందే. పశ్చిమ జర్మనీ 1952లో నాజీల వారసులుగా వచ్చిన పార్టీని రద్దు చేసింది. కాని 2017లో అక్కడి రాజ్యాంగ న్యాయస్థానం ఇంకో పార్టీ గురించి, దీని ఉద్దేశాలు రాజ్యాంగానికి విరుద్ధమే, అయితే వాటిని సాధించే సత్తా దానికి లేదు కాబట్టి నిషేధించం అంది. నాకు ఈ రెండోది నచ్చింది. ఆయుధం పోగేస్తే, ఫలానా వాళ్ళని కొట్టండని పిలుపిస్తే వెంటనే అరెస్టు. ఉత్త చెత్త వాగుడైతే జవాబు జనం చెప్పాలి.

వున్‌జీడెల్ అనే ఊళ్ళో చెప్పారు కూడా. అక్కడికి ఏటా నియో నాజీలు కవాతు కోసం వచ్చేవాళ్ళు. 2014 నవంబరులో ఊరివాళ్ళు, వ్యాపారులు కలిసి, వాళ్ళు నడిచే ప్రతి మీటరుకి 10 యూరోల చొప్పున విరాళం అని ప్రకటించారు. రోడ్డు మీద ఎన్ని మీటర్లయ్యాయో రాసి పెట్టారు. కవాతు అయ్యేసరికి 10,000 యూరోలు పోగయ్యాయి. ఆ డబ్బు వెళ్ళింది ఎగ్జిట్ డాయిష్‌లాండ్ అనే సంస్థకి. అది 2000లో మొదలైంది, తీవ్రవాద ముఠాల్లోంచి బయటికి రావాలనుకునేవాళ్ళకి సాయం చేస్తుంది. ఈ విషయం కింది ఉత్తరానికి కూడా పనికొస్తుంది.

ప్రశ్న: మా అబ్బాయికి 19. ఏడాదిగా రాత్రంతా ఫోనే. ఒక వర్గంవాళ్ళని పురుగులంటాడు, ఏరిపారేయాలంటాడు. పాత స్నేహితులెవరూ లేరు. వాళ్ళ నాన్న తిడితే తలుపేసుకుంటాడు. నాకు నిద్ర పట్టడం లేదు. (ఒక తల్లి)

అమ్మా, ముందు ఒక మాట. ఇలా మాట్లాడే పిల్లల్లో చాలామంది చేతల దాకా వెళ్ళరు. కాబట్టి మీ అబ్బాయి హంతకుడైపోయాడనుకోకండి. అలాగని వయసొస్తే అదే పోతుందని వదిలేయకండి.

ఫోను లాక్కుంటే, ఇంట్లోవాళ్ళూ శత్రువులేనని ఆ గ్రూపులు చెప్పేది నిజమైపోతుంది. సిద్ధాంతం మీద వాదన పెట్టుకోకండి, ఆ వాదనలకి జవాబులు వాడికి ముందే నేర్పి ఉంటారు. వాడి జీవితం గురించి అడగండి. పాత స్నేహితులు ఎప్పుడు, ఎందుకు దూరమయ్యారు? కాలేజీలో ఏమైనా అవమానం జరిగిందా? ఇలాంటి ముఠాల్లోంచి బయటపడ్డవాళ్ళు చెప్పింది వింటే, చాలామందిని లాగింది పుస్తకాలు కాదు, అక్కడ ఎవరో "నువ్వు మావాడివి" అనడం. ఆ మాట ఇంట్లో, బయట ఇంకెక్కడైనా దొరికే ఏర్పాటు చేయాలి. వాడు గౌరవించే మనిషి, మేనమామో, పాత టీచరో, ఆటల కోచో, ఎవరైనా ఉంటే వాళ్ళని కలపండి. వాళ్ళ నాన్నగారితో కూడా చెప్పండి, "నువ్వు చెప్పేది తప్పు, కాని నువ్వు నా కొడుకువి" అని రెండూ కలిపి అనమనండి. మనుషుల్ని పురుగులని అన్నప్పుడు మాత్రం ఊరుకోకండి. అరవకుండా, "ఈ ఇంట్లో ఆ మాట వద్దు" అని ప్రతిసారీ చెప్పండి. మంచి సైకాలజిస్టు దొరికితే ముందు మీరు వెళ్ళి మాట్లాడండి.

ఒక హద్దు ఉంది. ఆయుధం సంపాదించడం గురించి మాట్లాడినా, ఒక చోటు, ఒక తేదీ, ఒక మనిషి పేరు వచ్చినా, వస్తువులు ఎవరెవరికో పంచేసి వీడ్కోలులా మాట్లాడినా, ఆ రోజే పోలీసులకి చెప్పండి. దాడులు చేసినవాళ్ళలో చాలామంది ముందుగా ఎవరో ఒకరికి నోరు జారే ఉంటారని ఆ కేసులు పరిశీలించినవాళ్ళు పదేపదే చెప్తున్నారు. పట్టించడం అనుకోకండి. ఎదుటివాళ్ళ పిల్లల్నీ, మీ పిల్లవాణ్ణీ ఒకేసారి కాపాడుకోవడం అది. మళ్ళీ రాయండి, తప్పకుండా రాయండి.

ప్రశ్న: చివరికి హంతకులతోనే చర్చలకి కూర్చుంటారు, వాళ్ళు మంత్రులవుతారు. చచ్చినవాళ్ళ కుటుంబాల గతేంటి? (తన అన్నని పోగొట్టుకున్న పాఠకుడు)

మీ అన్నగారి విషయం చదివాను. మీకు ఓదార్పు మాటలు చెప్పను, సూటిగా అడిగారు కాబట్టి సూటిగానే రాస్తాను.

చర్చలు లేకుండా ఉత్తర ఐర్లండ్‌లో చావులు ఆగేవి కావు. 1998 ఏప్రిల్ 10న ఒప్పందం కుదిరింది, మే నెలలో అక్కడి ఓటర్లలో 71 శాతం మంది సరేనన్నారు. అందుకు చెల్లించిన మూల్యం మీరన్నదే, రెండేళ్ళలో 400 మందికి పైగా ఖైదీలు బయటికొచ్చారు. తమవాళ్ళని చంపినవాడు వీధిలో ఎదురుపడితే ఏమవుతుందో ఆ కుటుంబాలని అడగాలి, నేను చెప్పలేను. ఒప్పందం నచ్చని ముఠా ఆగస్టులో ఒమా పట్టణంలో బాంబు పెట్టి 29 మందిని చంపింది. అంతకుముందైతే సమర్థించడానికి ఎవరో ఒకరు ఉండేవాళ్ళు. ఈసారి లేరు. 2009 మార్చిలో ఇద్దరు సైనికుల్ని, ఒక పోలీసుని చంపినప్పుడు, ఒకప్పుడు ఐఆర్ఏ కమాండర్‌గా ఉండి ఆ నాటికి ఉప ముఖ్యమంత్రి అయిన మార్టిన్ మెగినెస్ పోలీసు చీఫ్ పక్కనే నిలబడి, ఈ హంతకులు ఐర్లండ్‌కి ద్రోహులన్నాడు. ఆ మాట బ్రిటిష్ మంత్రి అంటే ఎవరూ వినేవాళ్ళు కాదు, ఆయన అనేసరికి విన్నారు.

కాబట్టి చర్చలకి కూర్చోవచ్చు, కాని ముందు తుపాకీ కింద పెట్టాలి, ఏం కుదిరిందో జనం ఓటుకి పెట్టాలి. ఇంకోటి, ఎవరు ఎవరిని ఎందుకు చంపారో కుటుంబాలకి నిజం చెప్పి తీరాలి. ఈ మూడోది అక్కడ కూడా సగంలోనే ఆగింది. శిక్ష తగ్గించే అధికారం ప్రభుత్వానికి ఉండొచ్చు. మీ తరఫున క్షమించే అధికారం మాత్రం ఏ మంత్రికీ లేదు, మిమ్మల్ని క్షమించమని అడిగే హక్కు నాకూ లేదు. మీ అన్నగారి కేసు ఎక్కడిదాకా వచ్చిందో, ఏ కాగితాలు ఇవ్వడం లేదో వివరంగా రాయండి.